ముందు ఏ రకమో తేలనివ్వండి

ప్రశ్న: మా అన్నయ్యకు 46 ఏళ్లు. రెండు మూడు నెలలుగా ఒకటే నీరసం అంటున్నాడు. నాలుగు ముద్దలు తినగానే కడుపు నిండిపోతోందని, ఎడమవైపు పక్కటెముకల కింద బరువుగా ఉంటోందని చెబితే గ్యాస్ అనుకున్నాం. బరువు కూడా తగ్గాడు. రక్త పరీక్ష చేయిస్తే తెల్ల కణాలు 1,60,000 వచ్చాయి. ప్లీహం బాగా పెరిగిందని స్కానింగ్‌లో తేలింది. డాక్టరు గారు ‘బ్లడ్ క్యాన్సర్ కావచ్చు, బోన్ మ్యారో పరీక్ష చేయాలి’ అన్నారు. ఈ మాట అన్నయ్యకు చెప్పలేదు. రక్తంలో ఇన్ఫెక్షన్ ఉందని చెప్పాం. వదినకు కూడా సగమే తెలుసు. ఇది ఏ స్టేజీ? ఇంకెన్నాళ్లు? వెన్నులోంచి మజ్జ తీస్తే కాళ్లు పడిపోతాయంటున్నారు, నిజమేనా? అన్నయ్య పిల్లలకు కూడా వస్తుందా? రిపోర్టు జత చేస్తున్నాను. – ఒక చెల్లెలు

సమాధానం: అమ్మా, రిపోర్టు చూశాను. మీ కళ్లు 1,60,000 అన్న అంకె దగ్గరే ఆగిపోయి ఉంటాయి. మామూలుగా మైక్రోలీటరు రక్తంలో తెల్ల కణాలు 4,000 నుంచి 11,000 దాకా ఉంటాయి కాబట్టి ఆ అంకె చూసి గుండె జారడం సహజమే. రక్తం జబ్బులు చూసే మేం మాత్రం దాని కింద చిన్న అక్షరాల్లో ఉండే వివరాలు ముందు చదువుతాం. పెరిగిన ఆ కణాల్లో ఏ వయసువి ఎన్ని ఉన్నాయన్నదే అసలు సంగతి.

మీ అన్నయ్య రిపోర్టులో బ్లాస్టులు 2 శాతం అని ఉంది. బ్లాస్ట్ అంటే ఎముక మజ్జలో ఇంకా ఎదగని పసి కణం. బయట తిరిగే రక్తంలో అది కనిపించకూడదు, నిజమే. కానీ వేగంగా ముంచుకొచ్చే అక్యూట్ ల్యుకేమియా అనాలంటే సాధారణంగా ఇవి 20 శాతమైనా ఉండాలి. ఎదుగుదల మధ్యలో ఉన్న మైలోసైట్లు, మెటామైలోసైట్లు, పూర్తిగా ఎదిగిన న్యూట్రోఫిల్స్ అన్నీ ఎక్కువగానే ఉన్నాయి. అంటే కణాలు ఎదుగుతూనే ఉన్నాయి, అవసరానికి మించి తయారవుతున్నాయి. బేసోఫిల్స్ అనే మరో రకం తెల్ల కణాలు 6 శాతం. ఆరోగ్యంగా ఉన్నవాళ్లలో ఇవి ఒక శాతం అటూ ఇటూ ఉంటాయి. గట్టి ఇన్ఫెక్షన్ వచ్చినప్పుడు తెల్ల కణాలు 50,000 దాటడం కూడా ఉంది గానీ, అప్పుడు బేసోఫిల్స్ ఇలా పెరగవు. ప్లేట్‌లెట్లు తగ్గకపోగా 5,20,000 ఉన్నాయి. దీనికి పెరిగిన ప్లీహాన్ని, నెలల తరబడి మెల్లగా వచ్చిన నీరసాన్ని కలిపి చూస్తే, క్రానిక్ మైలాయిడ్ ల్యుకేమియా అయ్యే అవకాశం ఎక్కువని నాకు అనిపిస్తోంది. పొట్టిగా సీఎంఎల్ అంటాం. అనిపించడం వేరు, తేలడం వేరు. బీసీఆర్-ఏబీఎల్ అనే జన్యు పరీక్ష ఫలితం వచ్చేదాకా దీన్ని నా అంచనాగానే తీసుకోండి.

‘ఇంకెన్నాళ్లు’ అన్న ప్రశ్నను ఆ పరీక్ష దాకా పక్కన పెట్టమంటున్నాను. ఎందుకంటే బ్లడ్ క్యాన్సర్ అన్న ఒక్క మాట కింద పదుల కొద్దీ జబ్బులున్నాయి. వాటిలో ఒకదానికి అనుమానం వచ్చిన రాత్రే మందు మొదలుపెట్టాలి. మరొకదానికి ఏళ్ల తరబడి మందే అక్కర్లేదు. ఒకదానికి నెలల పాటు ఆసుపత్రిలో కీమోథెరపీ కావాలి, ఇంకొకటి రోజూ వేసుకునే మాత్రతో అదుపులో ఉంటుంది. జబ్బు పూర్తి పేరు తెలియకముందే ఎవరైనా వచ్చి భయపెడితే, ధైర్యం చెప్పినా సరే, ఆ మాటలు మనసుకు ఎక్కించుకోకండి. చాలా కుటుంబాలు ఈ వ్యవధిలోనే, పేరు తేలడానికి ముందున్న పది పదిహేను రోజుల్లోనే, మానసికంగా కుప్పకూలిపోతాయి. అది నన్ను బాధపెట్టే విషయం.

రక్త కణాలన్నీ ఎముక మజ్జలో ఉండే మూల కణాల నుంచి పుడతాయి. ఎర్ర కణం 120 రోజులు బతుకుతుంది, ప్లేట్‌లెట్ వారం పది రోజులు, న్యూట్రోఫిల్స్ అంతకన్నా తక్కువ. అందుకే మజ్జ రాత్రింబగళ్లు కొత్తవి తయారు చేస్తూనే ఉండాలి. ఆ తయారీలో ఒక్క కణంలో జన్యువు చెడి, అది అదుపు లేకుండా తనలాంటివాటినే పుట్టిస్తూ పోతే, నారుమడిని కలుపు కమ్మేసినట్టు మజ్జంతా నిండిపోతుంది. మంచి కణాలకు చోటుండదు. ఎర్ర కణాలు తగ్గితే నీరసం, ఆయాసం, పాలిపోవడం. పనికొచ్చే తెల్ల కణాలు తగ్గితే తగ్గీ తగ్గని జ్వరాలు, నోట్లో పుళ్లు. ఇక్కడే చాలామంది పొరబడతారు. తెల్ల కణాలు లక్షల్లో ఉన్నా వాటిలో పనిచేసేవి లేకపోతే రోగనిరోధక శక్తి లేనట్టే. ప్లేట్‌లెట్లు తగ్గితే చిగుళ్ల నుంచి, ముక్కు నుంచి రక్తం, దెబ్బ తగలకుండానే కమిలిన మచ్చలు, పిక్కల మీద గుండుసూది మొనంత ఎర్ర చుక్కలు. వేలితో నొక్కినా ఆ చుక్కలు మాయం కావు.

ఈ లక్షణాలు చదివి ఎవరికి వారు అనుమానం పెట్టుకోవద్దని కూడా చెప్పాలి. నీరసానికి ఇనుము లోపం, ప్లేట్‌లెట్లు తగ్గడానికి వైరల్ జ్వరాలు చాలా మామూలు కారణాలు. విటమిన్ బీ12 బాగా లోపిస్తే మూడు రకాల కణాలూ తగ్గి, అచ్చం ల్యుకేమియాలా కనిపించి, ఇంజెక్షన్లతో పూర్తిగా కోలుకునేవాళ్లున్నారు. రెండు మూడు వారాలు దాటినా తగ్గని లక్షణమైతే ఒక కంప్లీట్ బ్లడ్ కౌంట్, దానితో పాటు రక్తపు చుక్కను గాజు పలక మీద పరిచి చూసే స్మియర్ పరీక్ష చేయించాలి. మొదటి అడుగుకు ఇది చాలు.

ఇక రకాలు. మజ్జలో, రక్తంలో మొదలయ్యేవి ల్యుకేమియాలు. వీటిలో అక్యూట్ రకాలు వారాల్లో ముదురుతాయి. పిల్లల్లో ఎక్కువగా వచ్చేది అక్యూట్ లింఫోబ్లాస్టిక్ ల్యుకేమియా. 1948లో సిడ్నీ ఫార్బర్ అనే వైద్యుడు అమైనోప్టెరిన్ అనే మందుతో ఈ పిల్లల్లో జబ్బు తాత్కాలికంగా వెనక్కి తగ్గిందని ప్రకటించేదాకా, పేరు చెప్పడం తప్ప వైద్యులు చేయగలిగిందేమీ లేదు. ఈ రోజు అన్ని వసతులూ ఉన్న కేంద్రాల్లో చికిత్స పూర్తి చేసిన పిల్లల్లో దాదాపు 90 శాతం మందికి నయమవుతోంది. చికిత్స రెండు మూడేళ్లు సాగుతుంది, మధ్యలో ఆపకూడదు. పెద్దవాళ్లలో ఎక్కువగా కనిపించేది అక్యూట్ మైలాయిడ్ ల్యుకేమియా. అది మొండిది. వయసును బట్టి, జన్యు మార్పులను బట్టి ఫలితాలు చాలా తేడాగా ఉంటాయి. ఇందులోనే అక్యూట్ ప్రోమైలోసైటిక్ అని ఒక ఉపరకం ఉంది. మొదటి రోజుల్లో మెదడులో రక్తస్రావమై మనిషి చనిపోయే ప్రమాదం ఉన్న జబ్బు ఇది. అనుమానం వస్తే పరీక్ష ఫలితం కోసం కూడా చూడకుండా ఏటీఆర్‌ఏ అనే మందు మొదలుపెడతాం. విటమిన్ ఏ కుటుంబానికి చెందిన ఆ మందుతో, ఆర్సెనిక్ ట్రయాక్సైడ్‌తో, ఆ గండం గడిచినవాళ్లలో చాలా ఎక్కువ మందికి పూర్తిగా నయమవుతుంది. అత్యంత ప్రమాదకరమైనదే అత్యంత బాగా నయమయ్యే వాటిలో ఒకటి కావడం వల్లే, ఆలస్యం చేయొద్దని అంత గట్టిగా చెబుతాం.

క్రానిక్ రకాల్లో క్రానిక్ లింఫోసైటిక్ ల్యుకేమియా పెద్ద వయసులో వస్తుంది. చాలామందికి మొదట మందు ఇవ్వం, మూడు నాలుగు నెలలకోసారి చూస్తూ ఉంటాం. క్యాన్సర్ అని చెప్పి మందివ్వకుండా పంపడమేంటని ఇంట్లోవాళ్లు కోప్పడతారు. లక్షణాలు లేని దశలో ముందే మందిస్తే ఆయుష్షు పెరగలేదని అధ్యయనాల్లో తేలింది కాబట్టే ఆగుతాం.

రెండో కుటుంబం లింఫోమాలు. ఇవి లింఫ్ గ్రంథుల్లో మొదలవుతాయి. మెడలోనో చంకలోనో గజ్జల్లోనో నొప్పి లేని గడ్డ, సాయంత్రాలు జ్వరం, పక్క తడిసిపోయేంత రాత్రి చెమటలు, ఆరు నెలల్లో పది శాతానికి పైగా బరువు తగ్గడం, ఇవీ గుర్తులు. క్షయలోనూ దాదాపు ఇవే ఉంటాయి. అందుకే గడ్డను చూసి క్షయ అని నెలల తరబడి మందులు వాడి, తగ్గకపోతే అప్పుడు మా దగ్గరికి వచ్చేవాళ్లుంటారు. సూదితో కొన్ని కణాలు తీసి చూసే పరీక్ష లింఫోమాకు చాలదు. వీలైతే గ్రంథి మొత్తం తీసి బయాప్సీ చేయాలి. హాడ్జ్‌కిన్ లింఫోమా యువకుల్లో ఎక్కువ, నయమయ్యే అవకాశం కూడా ఎక్కువ. మిగతావన్నీ నాన్-హాడ్జ్‌కిన్ కిందికి వస్తాయి, వాటిలో వేగంగా పెరిగేవీ ఉన్నాయి, నిదానంగా నడిచేవీ ఉన్నాయి. 1997లో వచ్చిన రిటుక్సిమాబ్ అనే యాంటీబాడీ మందు, బీ-కణాలనే ఒక రకం తెల్ల కణాల్లో పుట్టే లింఫోమాల చికిత్సను మార్చేసింది.

మూడోది మల్టిపుల్ మైలోమా. యాంటీబాడీలు తయారు చేసే ప్లాస్మా కణాల జబ్బు. 60 దాటినవాళ్లలో తగ్గని నడుము నొప్పి, రక్తహీనత, కిడ్నీ పనితీరు చెప్పే క్రియాటినిన్ పెరగడం, ఈ మూడూ కలిసి కనిపిస్తే సీరం ప్రొటీన్ ఎలక్ట్రోఫోరెసిస్ అనే పరీక్ష అడగండి. నడుముకు ఒక డాక్టరు, కిడ్నీకి ఒక డాక్టరు, రక్తానికి ఒక డాక్టరు విడివిడిగా చూసి, మూడింటినీ ఎవరూ కలపకపోవడం వల్ల ఈ జబ్బు ఆలస్యంగా బయటపడుతుంది. వీటికి పక్కనే మైలోడిస్‌ప్లాస్టిక్ సిండ్రోమ్, పాలీసైథీమియా వెరా లాంటివి కూడా ఉన్నాయి. మీకు ఇప్పుడు ఆ వివరాలు అవసరం లేదు.

ఇప్పుడు ‘ఏ స్టేజీ’ అన్న ప్రశ్న. రొమ్ములోనో పేగులోనో వచ్చే గడ్డకు ఎంత దూరం పాకిందో చూసి ఒకటి నుంచి నాలుగు దాకా స్టేజీ చెబుతారు. రక్తం మొదటి రోజు నుంచే ఒళ్లంతా తిరుగుతుంది కాబట్టి ల్యుకేమియాకు ఆ లెక్క వర్తించదు. లింఫోమాకు స్టేజీ ఉంది గానీ అక్కడ నాలుగో స్టేజీలో కూడా నయమయ్యేవాళ్లున్నారు. సీఎంఎల్‌కు దశలుంటాయి. మొదటిది క్రానిక్, ముదిరితే యాక్సిలరేటెడ్, చివరిది బ్లాస్ట్ క్రైసిస్. 2 శాతం బ్లాస్టులు క్రానిక్ దశనే సూచిస్తాయి. చాలామందిలో జబ్బు బయటపడేది కూడా ఆ దశలోనే.

సీఎంఎల్ అని తేలితే అన్నయ్యకు ఎదురయ్యే చికిత్స గురించి కాస్త వివరంగా చెబుతాను. 1960లో ఫిలడెల్ఫియాలో పీటర్ నోవెల్, డేవిడ్ హంగర్‌ఫర్డ్ అనే పరిశోధకులు ఈ రోగుల కణాల్లో ఒక క్రోమోజోము అసాధారణంగా చిన్నగా ఉండటం గమనించారు. 1973లో జానెట్ రౌలీ దాని కారణం కనిపెట్టారు. 9వ క్రోమోజోములోని ముక్క, 22వ దానిలోని ముక్క తారుమారవుతున్నాయి. ఆ అతుకు దగ్గర పుట్టేదే బీసీఆర్-ఏబీఎల్ జన్యువు. కణాన్ని పెరగమని ఆగకుండా ఆదేశాలిచ్చే ఎంజైమును అది తయారు చేస్తుంది. సరిగ్గా ఆ ఎంజైమును పట్టి ఆపే మాత్ర, ఇమాటినిబ్, 2001లో అమెరికాలో అనుమతి పొందింది. అంతకుముందు ఈ జబ్బుకు ప్రధానంగా ఇంటర్‌ఫెరాన్ ఇంజెక్షన్లు, మజ్జ మార్పిడే దారులు. ఇమాటినిబ్‌తో జరిగిన తొలి పెద్ద అధ్యయనంలో 10 ఏళ్ల తర్వాత 83 శాతం మంది బతికి ఉన్నారు. ఈ వైద్యం చేసేవాళ్లకు కూడా ఇది మామూలు విషయం కాదమ్మా.

మామూలుగా రోజుకు 400 మిల్లీగ్రాములు, అన్నం తిన్నాక పెద్ద గ్లాసు నీళ్లతో వేసుకోవాలి. మొదట్లో వికారం, కండరాలు పట్టేయడం, కళ్ల చుట్టూ వాపు ఉండొచ్చు. చాలామందికి సర్దుకుంటాయి. సర్దుకోకపోతే డాక్టరుకు చెప్పాలి, సొంతంగా మానేయకూడదు. దాసాటినిబ్, నిలోటినిబ్ లాంటి తర్వాతి తరం మందులున్నాయి. మాత్ర మొదలయ్యాక రక్తంలో బీసీఆర్-ఏబీఎల్ ఎంత మిగిలిందో మూడు నెలలకోసారి కొలుస్తారు. మూడు నెలలకు 10 శాతానికి, ఏడాదికి 0.1 శాతానికి దిగితే మందు బాగా పనిచేస్తున్నట్టు. రక్త పరీక్షలో తెల్ల కణాలు మామూలుకు రాగానే జబ్బు పోయిందనుకుని ఈ కొలత మానేయడం పెద్ద పొరపాటు. ఏళ్ల పాటు జబ్బు ఆనవాలు దాదాపు కనిపించని స్థాయిలో నిలబడినవాళ్లలో కొందరికి, గట్టి పర్యవేక్షణలో మాత్ర ఆపి చూస్తున్నాం. అలా ఆపినవాళ్లలో సుమారు సగం మందికి మళ్లీ రాలేదు. మిగతావాళ్లకు మాత్ర తిరిగి మొదలుపెడితే చాలావరకు అదుపులోకి వస్తోంది.

నా అంచనా తప్పై వేరే రకం తేలితే దారి మారుతుంది. కీమోథెరపీ, యాంటీబాడీ మందులు, కొన్నింటికి రేడియేషన్, కొన్నింటికి మజ్జ మార్పిడి. రోగి సొంత టీ-కణాలను, అంటే ఒక రకం తెల్ల కణాలను, తీసి, ప్రయోగశాలలో మార్చి మళ్లీ ఎక్కించే కార్-టీ చికిత్సకు 2017లో తొలి అనుమతి వచ్చింది, అదీ పిల్లల్లో, యువకుల్లో తిరగబెట్టిన ల్యుకేమియాకు. ఏ దారైనా కీమో మొదలవ్వాల్సి వస్తే, ఇంకా పిల్లలు కావాలనుకునేవాళ్లు వీర్యం లేదా అండాలు దాచుకునే విషయం ముందే అడగాలి. తర్వాత అడిగితే ఆలస్యమైపోతుంది.

బోన్ మ్యారో పరీక్షకు కాళ్లు పడిపోవు. వెన్నుపామును తాకనే తాకరు. నడుము కింద, పిరుదు పైభాగంలో చేత్తో తడిమితే గట్టిగా తగిలే కటి ఎముక ఉంటుంది, సూది దించేది అక్కడ. పక్కకు తిప్పి పడుకోబెట్టి, శుభ్రం చేసి, మత్తు ఇంజెక్షన్ ఇస్తారు. చర్మం, ఎముక పైపొర మొద్దుబారతాయి. మజ్జను సిరంజిలోకి లాగే ఆ కొద్ది క్షణాలు మాత్రం తొడలోకి జివ్వుమని లాగుతుంది. ఆ నొప్పిని మత్తు పూర్తిగా ఆపలేదు. ఆ సంగతి ముందే చెబితే రోగి బాగా ఓర్చుకుంటాడు. ఆ తర్వాత సన్నని ఎముక ముక్క ఒకటి తీస్తారు. అంతా కలిపి అరగంట. కాసేపు వెల్లకిలా పడుకోబెట్టి పంపిస్తారు. పట్టీ ఒక రోజు తడవకూడదు, రెండు మూడు రోజులు సలుపు ఉండొచ్చు. వెన్ను నుంచి నీరు తీసే పరీక్ష వేరే ఉంది, దానివల్ల కూడా కాళ్లు పడిపోతాయనేది అపోహే.

పరీక్షలు పూర్తయ్యేలోపు మీరు చూసుకోవాల్సినవి కొన్ని. ఎవరైనా నీరసానికి స్టెరాయిడ్ మాత్రలు రాస్తే, రక్తం డాక్టరును అడగకుండా వేయకండి. కొన్ని ల్యుకేమియాలు, లింఫోమాలు స్టెరాయిడ్‌కు తాత్కాలికంగా తగ్గి, బయాప్సీలో రకం దొరక్కుండా పోతాయి. ప్లీహం పెద్దదిగా ఉంది కాబట్టి బరువులెత్తడం, పొట్టకు దెబ్బ తగిలే పనులు వద్దు. ఎడమవైపు పొట్టలోనో, ఎడమ భుజంలోనో హఠాత్తుగా తీవ్రమైన నొప్పి వస్తే వెంటనే ఆసుపత్రికి. తెల్ల కణాలు ఎక్కువైనప్పుడు చూపు మసకబారడం, మగత, ఆయాసం, మగవాళ్లలో నొప్పితో గంటల తరబడి తగ్గని అంగస్తంభన రావచ్చు. ఇది చెప్పుకోవడానికి సిగ్గుపడి ఇంట్లోనే ఉండిపోతారు. ఆయనకు ముందే చెప్పి ఉంచమని డాక్టరును అడగండి. 38 డిగ్రీల సెల్సియస్ దాటిన జ్వరాన్ని, అంటే 100.4 ఫారెన్‌హీట్, తెల్లారేదాకా చూద్దామనుకోకండి. కణాలు తగ్గించడానికి హైడ్రాక్సీయూరియా, యూరిక్ ఆమ్లానికి అల్లోప్యూరినాల్ ఇచ్చి ఉంటే నీళ్లు బాగా తాగించండి.

ఇప్పుడు మీరు అడగని విషయం. అన్నయ్యకు దాచడం గురించి. ప్రేమతోనే చేశారు, అర్థమైంది. కానీ ఆయనకు ఉన్నది ఇన్ఫెక్షన్ అని నమ్మిస్తే, ఇన్ఫెక్షన్ మాత్రను మనిషి ఎన్నాళ్లు వేసుకుంటాడు? ఒంట్లో బాగవ్వగానే మానేస్తాడు. సీఎంఎల్‌లో మాత్రలు తప్పితే జబ్బు తిరగబెడుతుంది, మందుకు లొంగని రకంగా మారే ప్రమాదమూ ఉంది. ఆయన చికిత్స ఏళ్ల తరబడి ఆయన చేతుల మీదుగానే నడవాలి, తెలియకుండా నడవదు. పైగా ఆసుపత్రి బోర్డు మీద, మందు పెట్టెలోని కాగితం మీద క్యాన్సర్ అన్న మాట ఉంటుంది. ఆయనకు ఇప్పటికే అనుమానం వచ్చి, మీకోసం మాట్లాడకుండా ఉండి ఉండొచ్చు. ఒక్కసారే అంతా చెప్పేయక్కర్లేదు. ‘నీకేమనిపిస్తోంది అన్నయ్యా, డాక్టరు గారితో నువ్వే మాట్లాడతావా’ అని మొదలుపెట్టండి. వదినను పక్కన కూర్చోబెట్టండి. మందు వేళ, జ్వరం, చెకప్ తేదీలు రోజూ కనిపెట్టుకుని ఉండేది ఆవిడే కాబట్టి సగం తెలిసి ఉండటం ఆవిడకు పూర్తిగా తెలియకపోవడం కన్నా కష్టం. ఫలితం వచ్చాక పేరుతో పాటు చికిత్స కూడా అదే కూర్చున్నప్పుడు చెప్పమని డాక్టరును ముందే కోరండి.

పిల్లల సంగతి. ఇది అంటుకునేది కాదు. కలిసి తినొచ్చు, పిల్లలు నాన్న పక్కనే పడుకోవచ్చు. బీసీఆర్-ఏబీఎల్ మార్పు పుట్టాక మజ్జలోని ఒక కణంలో జరిగేది, తండ్రి నుంచి బిడ్డకు వెళ్లదు. పిల్లలకు, మీకు ఇప్పుడు ఏ పరీక్షా అక్కర్లేదు. తోబుట్టువుగా మీ మజ్జ సరిపోతుందా అని కూడా మీ మనసులో ఉండి ఉంటుంది. ఒక్కో తోబుట్టువుకు పూర్తిగా సరిపోయే అవకాశం నాలుగింట ఒక వంతు. సీఎంఎల్ క్రానిక్ దశలో మార్పిడి అవసరం చాలా కొద్దిమందికే, అదీ మాత్రలు పనిచేయనప్పుడు. మజ్జ సరిపోతుందో లేదో చూసే ఆ హెచ్ఎల్ఏ పరీక్షకు ఇప్పుడు తొందర లేదు.

డాక్టరును కలిసినప్పుడు ఈ ప్రశ్నలు కాగితం మీద రాసుకుని వెళ్లండి. జబ్బు పూర్తి పేరేమిటి? జన్యు పరీక్షల్లో ఏం తేలింది? మందు పనిచేస్తోందని ఏ పరీక్షతో, ఎప్పుడు చూస్తారు? రాత్రిపూట ఇబ్బందైతే ఎవరికి ఫోన్ చేయాలి? బీసీఆర్-ఏబీఎల్ నెగెటివ్ వస్తే మాత్రం నేను పైన సీఎంఎల్ గురించి రాసిందంతా పక్కన పెట్టి, ఆ రిపోర్టు మళ్లీ నాకు పంపండి.